బొమ్మ లేని గ్రాఫ్ సిద్ధాంతం సగం చదువే

ఎనిమిదో తరగతి గణితంలో చాలాకాలంగా ఒక చిన్న సూత్రం కనిపిస్తోంది. ఘనం, పిరమిడ్, పట్టకం వంటి ఆకారాలకు శీర్షాలు, అంచులు, ముఖాలు ఎన్నో లెక్కపెట్టమంటారు. శీర్షాల సంఖ్యలోంచి అంచుల సంఖ్య తీసేసి, ముఖాల సంఖ్య కలిపితే ప్రతిసారీ 2 వస్తుంది. ఘనానికి శీర్షాలు 8, అంచులు 12, ముఖాలు 6. ఎనిమిదిలోంచి పన్నెండు తీసేసి ఆరు కలిపితే రెండే. విద్యార్థి పట్టిక నింపుతాడు, మార్కులు తెచ్చుకుంటాడు, తర్వాతి పాఠానికి వెళ్లిపోతాడు.

ఆరేడేళ్ల తర్వాత అదే విద్యార్థి ఇంజినీరింగులోనో ఎమ్మెస్సీలోనో గ్రాఫ్ సిద్ధాంతం చదువుతాడు. అక్కడ కూడా ఇదే సూత్రం ఎదురవుతుంది. ఈసారి ఘనమూ ఉండదు, పిరమిడూ ఉండదు. ఒక నిర్వచనం, ఒక సిద్ధాంతం, దానికో నిరూపణ, పరీక్షలో ఒక ప్రశ్న ఉంటాయి. చిన్నప్పుడు పట్టికలో నింపిందీ, ఇప్పుడు బట్టీ పడుతున్నదీ ఒకటేనని చెప్పేవాళ్లు అరుదు. గ్రాఫ్ సిద్ధాంతాన్ని జ్యామితి నుంచి విడదీసి బోధించడం వల్ల జరిగే నష్టం ఇక్కడే మొదలవుతుంది. ఆ నష్టాన్ని పూడ్చగల మంచి పుస్తకాలు ఉన్నాయి. వాటిని ఏ వరుసలో చదవాలన్నదే అసలు ప్రశ్న.

ముందుగా, ఇక్కడ గ్రాఫ్ అంటే పరీక్ష ఫలితాలను చూపే నిలువు గీతల పటం కాదు. కొన్ని బిందువులు, వాటిలో కొన్ని జంటలను కలిపే గీతలు ఉంటే అది గ్రాఫ్. బిందువులను శీర్షాలనీ, గీతలను అంచులనీ అంటారు. రైల్వే స్టేషన్లు శీర్షాలైతే పట్టాలు అంచులు. మనుషులు శీర్షాలైతే పరిచయాలు అంచులు.

ఈ శాస్త్రం ఎలా పుట్టిందో అందరూ చెప్పే కథే. కోనిగ్స్‌బర్గ్ నగరంలో ప్రెగెల్ నది మీద ఏడు వంతెనలు ఉండేవి. ప్రతి వంతెననూ సరిగ్గా ఒక్కసారే దాటుతూ ఊరంతా తిరిగి రాగలమా అన్న ప్రశ్నకు సాధ్యం కాదని 1736 నాటి వ్యాసంలో లియొనార్డ్ ఆయిలర్ తేల్చారు. ఈ కథ చెప్పేవారు తరచూ వదిలేసే విషయం ఒకటుంది. ఆ వ్యాసం శీర్షికలో గ్రాఫ్ అన్న మాటే లేదు. 'స్థానాల జ్యామితి'కి చెందిన సమస్యకు పరిష్కారం అని ఆయన పేరు పెట్టారు. పొడవులతో, కోణాలతో పని లేకుండా, ఏది దేన్ని ఆనుకుని ఉంది అన్న సంగతిని మాత్రమే చూసే జ్యామితి అది. 1750లో గోల్డ్‌బాక్‌కు రాసిన ఉత్తరంలో శీర్షాలు, అంచులు, ముఖాల సూత్రాన్ని చెప్పింది కూడా ఆయిలరే. అంటే ఈ శాస్త్రం పుట్టిల్లు జ్యామితే.

మరి విడిపోవడం ఎందుకు జరిగింది? ఇందులో కుట్రేమీ లేదు. పొడవునూ ఆకారాన్నీ పక్కన పెట్టగలగడమే గ్రాఫ్ బలం. నగరం నుంచి నగరానికి దగ్గరి దారి వెతకాలన్నా, పరీక్షలు ఒకదానితో ఒకటి ఢీకొనకుండా టైంటేబుల్ వేయాలన్నా, ఎవరు ఎవరితో కలిసి ఉన్నారన్నదే చాలు. కంప్యూటర్ సైన్స్ పెరిగే కొద్దీ గ్రాఫ్ సిద్ధాంతం అల్గారిథమ్‌ల వైపు జరిగింది. సిలబస్ కూడా ఆ దారే పట్టింది. ఫలితంగా గ్రాఫ్ అంటే కంప్యూటర్ మెమరీలో ఉండే ఒక పట్టిక అన్న అభిప్రాయం స్థిరపడింది. అది నిజమే, కానీ సగం నిజం.

మిగతా సగాన్ని చూడడానికి తెలుగు వాకిళ్లలోని మెలికల ముగ్గు సరిపోతుంది. చుక్కల చుట్టూ గీత మెలికలు తిరుగుతూ తనను తాను దాటుకుంటూ పోతుంది. దాటుకునే ప్రతి చోటునూ ఒక శీర్షం అనుకుంటే, అక్కడ నాలుగు గీతలు కలుస్తాయి. ఆయిలర్ నియమం ప్రకారం గ్రాఫ్ విడి ముక్కలుగా లేకుండా, ప్రతి శీర్షం దగ్గరా సరి సంఖ్యలో అంచులు కలిస్తే, చెయ్యి ఎత్తకుండా, గీసిన గీత మళ్లీ గీయకుండా బొమ్మంతా పూర్తిచేసి మొదలుపెట్టిన చోటికే రావచ్చు. నాలుగు సరి సంఖ్యే కాబట్టి, విడి ముక్కలు లేని ప్రతి మెలికల ముగ్గునూ ఒకే గీతతో గీయడం గ్రాఫ్ లెక్క ప్రకారం సాధ్యమే.

అయితే ముగ్గు వేసే చెయ్యి ఇంకో నియమం పాటిస్తుంది. గీత దాటే చోట పక్కకు తిరగకుండా నేరుగా ముందుకే పోవాలి. ఈ నియమం పెట్టగానే కొన్ని ముగ్గులు ఒక్క గీతతో పూర్తవుతాయి, కొన్నింటికి రెండు మూడు విడి గీతలు కావాల్సి వస్తుంది. ఏది ఎదురుగా ఉంది, ఏది పక్కన ఉంది అన్న సమాచారం శీర్షాల, అంచుల జాబితాలో లేదు. అది బొమ్మలో ఉంది. 

అదే ముగ్గులో గళ్లు ఎన్నో కూడా చెప్పవచ్చు. దాటే చోట్లు 20 ఉంటే ఒక్కో చోట నాలుగు కొసలు, మొత్తం 80 కొసలు. అంచుకు రెండు కొసలు కాబట్టి అంచులు 40. ఎనిమిదో తరగతి సూత్రం ప్రకారం 20 లోంచి 40 తీసేసి గళ్లు కలిపితే 2 రావాలి. అంటే బయటి ఖాళీతో కలిపి గళ్లు 22. ముగ్గు ఎంత పెద్దదైనా, ముక్కలుగా విడిపోనంత వరకు దాటే చోట్ల సంఖ్యకు రెండు కలిపితే గళ్ల సంఖ్య వస్తుంది. కాగితం మీద ఒక ముగ్గు వేసి లెక్కపెట్టి చూసినవారికి ఈ సూత్రం మళ్లీ బట్టీ పట్టాల్సిన అవసరం రాదు.

ఈ దృష్టితో మొదలుపెట్టదలచిన పాఠకుడు ముందుగా చదవాల్సింది డేవిడ్ రిచెసన్ రాసిన 'ఆయిలర్స్ జెమ్'. 2008లో వచ్చిన ఈ పుస్తకం ఆ ఒక్క సూత్రం జీవితచరిత్ర. గ్రీకుల ఘనరూపాల దగ్గర బయల్దేరి, కోనిగ్స్‌బర్గ్ వంతెనలు, పటాలకు రంగులు వేసే సమస్య మీదుగా ఆధునిక టోపాలజీ దాకా వెళ్తుంది. ఇంటర్ గణితం వచ్చినవారు చాలావరకు అర్థం చేసుకోగలరు. గ్రాఫ్ సిద్ధాంతం పరీక్షకు ఇది నేరుగా పనికిరాదు. ఆ పరీక్షలో ఉన్నది ఎందుకు ఉందో చెప్పడమే దీని పని.

రెండోది ఇమ్రె లకటోష్ రాసిన 'ప్రూఫ్స్ అండ్ రెఫ్యుటేషన్స్'. 1976లో పుస్తకంగా వచ్చింది. ఒక ఊహా తరగతి గదిలో ఉపాధ్యాయుడు ఇదే సూత్రాన్ని నిరూపిస్తాడు. వెంటనే ఒక విద్యార్థి లోపల బోలుగా ఉన్న ఘనాన్ని చూపించి, దీనికి మీ సూత్రం పనిచేయదు కదా అంటాడు. నిరూపణ తప్పా, నిర్వచనం తప్పా, బొమ్మ తప్పా అని వాదన మొదలవుతుంది. సిద్ధాంతాలు ఆకాశం నుంచి ఊడిపడవనీ, అభ్యంతరాలను తట్టుకుంటూ రూపుదిద్దుకుంటాయనీ ఇంత బాగా చూపించిన పుస్తకాలు తక్కువ. కింద ఉన్న అధోజ్ఞాపికలు బరువుగా ఉంటాయి. మొదటిసారి వాటిని వదిలేసి సంభాషణ మాత్రమే చదవడం మేలు. గణిత ఉపాధ్యాయులకైతే ఇది తప్పనిసరి.

ఆ తర్వాత పాఠ్యపుస్తకం. భారతీయ విద్యార్థులకు నర్సింగ్ దేవ్ 1974 నాటి పుస్తకం బాగా పరిచయం. ఇంజినీరింగ్, కంప్యూటర్ సైన్స్ ఉపయోగాలతో రాసిన ఆ పుస్తకం నేటికీ నమ్మదగినదే. దాంతో పాటు పెట్టుకోవాల్సింది బాండీ, మూర్తి కలిసి రాసిన 1976 నాటి పుస్తకం. అందులోని మూర్తి పూర్తి పేరు ఉప్పలూరి శివ రామచంద్ర మూర్తి. కలకత్తాలోని ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్‌లో సి.ఆర్. రావు దగ్గర పరిశోధన చేసి, తర్వాత కెనడాలోని వాటర్లూ విశ్వవిద్యాలయంలో పనిచేశారు. ప్రపంచమంతా వాడిన గ్రాఫ్ సిద్ధాంత పాఠ్యపుస్తకం అట్ట మీద ఆయన పేరు ఉందని తెలుగు విద్యార్థులు తెలుసుకోవాలి. ఆ పాత పుస్తకాన్ని సొంత చదువు కోసం ఉచితంగా వాడుకునేలా రచయితలే అందుబాటులో ఉంచారు.

ఈ పుస్తకాలను చదివే పద్ధతిలో మాత్రం ఒక మార్పు అవసరం. సమతల గ్రాఫుల అధ్యాయం, అంటే గీతలు ఒకదాన్నొకటి దాటకుండా కాగితం మీద గీయగల గ్రాఫుల అధ్యాయం, సాధారణంగా పుస్తకం మధ్యలో ఎక్కడో ఉంటుంది. సెమిస్టరు చివరి వారాల్లో హడావుడిగా ముగిసే భాగాల్లో అదొకటి. దాన్ని ముందుకు తేవాలి. ఐదు బిందువుల్లో ప్రతి రెండింటినీ కలుపుతూ, గీతలు దాటకుండా గీయడానికి ప్రయత్నించిన విద్యార్థికి పది నిమిషాల్లో అనుమానం వస్తుంది. ఎందుకు కుదరదో ఆయిలర్ సూత్రం మూడు వాక్యాల్లో చెబుతుంది. అనుమానం ముందు, సూత్రం తర్వాత. అలా వచ్చిన సూత్రమే గుర్తుంటుంది.

లెక్కలు ఒకటే అయినా ఆకారం వేరుగా ఉండవచ్చని చూపే గొప్ప ఉదాహరణ ఒకటి మన దేశపు గణితవేత్త పేరు మీదే ఉంది. నాలుగు అడ్డ వరుసలు, నాలుగు నిలువు వరుసలతో 16 గళ్ల బల్ల ఊహించుకుందాం. చదరంగంలో ఏనుగు ఒక గడి నుంచి ఒక్క ఎత్తులో వెళ్లగలిగే గళ్లన్నింటినీ దానితో కలిపితే 16 శీర్షాల గ్రాఫ్ వస్తుంది. ప్రతి గడికీ 6 పొరుగు గళ్లు. ఏ రెండు గళ్లు తీసుకున్నా, అవి పొరుగువైనా కాకపోయినా, రెండింటికీ ఉమ్మడి పొరుగు గళ్లు సరిగ్గా 2. ఈ లెక్కలన్నీ సరిపోయే గ్రాఫ్ ఇదొక్కటేనా? కాదు, మరొకటి ఉందని 1959లో ఎస్.ఎస్. శ్రీఖండే చూపించారు. ఆ గ్రాఫ్‌ను నేటికీ శ్రీఖండే గ్రాఫ్ అనే పిలుస్తారు.

రెండింటికీ తేడా ఎక్కడుంది? ఒక శీర్షం చుట్టూ ఉన్న ఆరు పొరుగు శీర్షాలను చూడాలి. ఏనుగు గ్రాఫ్‌లో అవి రెండు విడి త్రిభుజాలుగా ఉంటాయి. శ్రీఖండే గ్రాఫ్‌లో అవి ఒకదాని పక్కన ఒకటి చేరి షడ్భుజిలా చుట్టూ నిలబడతాయి. అందుకే ఆ గ్రాఫ్‌ను గారె ఆకారం మీద, మధ్యలో చిల్లు ఉన్న ఉపరితలం మీద, గీతలు దాటకుండా త్రిభుజాలుగా పరచవచ్చు. శీర్షాలు 16, అంచులు 48, త్రిభుజాలు 32. పదహారులోంచి 48 తీసేసి 32 కలిపితే సున్నా. బంతి మీద 2 వచ్చిన సూత్రం గారె మీద 0 ఇస్తుంది. ఆ తేడా చిల్లు వల్ల వచ్చింది. ఉన్న ఉపరితలం ఏమిటో గ్రాఫ్ లెక్కపెట్టి చెప్పేసిందన్నమాట.

శ్రీఖండే గురువు ఆర్.సి. బోస్ 1963లో రాసిన ప్రసిద్ధ వ్యాసం ఇలాంటి క్రమబద్ధమైన గ్రాఫులకు పేరు పెట్టింది. ఆ వ్యాసం శీర్షికలోనే గ్రాఫులూ, 'పాక్షిక జ్యామితులూ' పక్కపక్కన ఉన్నాయి. వ్యవసాయ ప్రయోగాల రూపకల్పన నుంచి మొదలైన భారతీయ గణాంక సంప్రదాయం గ్రాఫులనూ జ్యామితినీ ఏనాడూ విడదీయలేదు. ఈ దారిలో లోతుగా వెళ్లదలచినవారికి గాడ్సిల్, రాయల్ రాసిన 'ఆల్జీబ్రాయిక్ గ్రాఫ్ థియరీ' సరైన పుస్తకం. మాత్రికలు బాగా వచ్చి ఉండాలి.

డిగ్రీ స్థాయి దాటినవారికి రెండు పుస్తకాలు దారి చూపుతాయి. మొదటిది ఐగ్నర్, జీగ్లర్ రాసిన 'ప్రూఫ్స్ ఫ్రమ్ ది బుక్'. 1998లో తొలిసారి వచ్చింది. ఆయిలర్ సూత్రం మూడు ఉపయోగాల మీద అందులో ఒక అధ్యాయం ఉంది. అన్నీ ఒకే సరళరేఖ మీద లేని కొన్ని బిందువులు ఇస్తే, వాటిలో సరిగ్గా రెండింటి గుండానే పోయే రేఖ ఒకటి తప్పక ఉంటుందన్నది అచ్చమైన జ్యామితి సిద్ధాంతం. దాన్ని అక్కడ గ్రాఫుతో నిరూపిస్తారు. గ్రాఫ్ జ్యామితి దగ్గర అప్పు తీసుకోవడమే కాదు, తిరిగి ఇస్తుందని కూడా ఆ అధ్యాయం చూపుతుంది.

రెండోది లాస్లో లోవాస్ 2019లో వెలువరించిన 'గ్రాఫ్స్ అండ్ జామెట్రీ'. ఈ విషయం మీద నేడున్న అతి ముఖ్యమైన గ్రంథం ఇదే. లోవాస్ 2021లో అవి విగ్డర్‌సన్‌తో కలిసి ఏబెల్ బహుమతి అందుకున్నారు. ఈ పుస్తకంలో వచ్చే ఒక ఫలితం 1963లో టట్ చూపించినది. సమతల గ్రాఫ్‌లో బయటి అంచు మీది శీర్షాలను కుంభాకార బహుభుజి మీద మేకులు కొట్టి బిగించి, మిగతా అంచులన్నింటినీ రబ్బరు బ్యాండ్లు అనుకుని వదిలేయాలి. ఏ రెండు శీర్షాలు తీసేసినా గ్రాఫ్ విడిపోనంత గట్టిగా అల్లుకుని ఉంటే చాలు, బ్యాండ్లు లాగుకుని స్థిరపడ్డాక ఏ గీతా మరో గీతను దాటదు. కంప్యూటర్ గ్రాఫిక్స్‌లో ఒక వంపు ఉపరితలాన్ని బల్లపరుపుగా పరిచే పద్ధతులకు ఈ ఆలోచనే మూలం. సమతల గ్రాఫ్ ఏదైనా, ఒకదాన్నొకటి తాకే నాణేల అమరికగా మార్చవచ్చని 1936లో కోబె నిరూపించిన ఫలితం కూడా అక్కడే కనిపిస్తుంది.

లోవాస్ పేరు నిలబెట్టిన మరో ఫలితం గ్రాఫ్, జ్యామితుల బంధానికి అందమైన సాక్ష్యం. ఐదు అక్షరాలను వృత్తంలో పెట్టాం. పక్కపక్క అక్షరాలు ప్రసారంలో ఒకదానికొకటి పొరబడవచ్చు. పొరపాటు రాకుండా పంపాలంటే ఒక్కో అక్షరంగా రెండే వాడుకోగలం. రెండేసి అక్షరాల మాటలు పంపితే అలాంటివి ఐదు దొరుకుతాయి, అంటే అక్షరానికి సగటున 5 వర్గమూలం, సుమారు 2.236. ఇంకా మెరుగు సాధ్యమా అన్నది షానన్ 1956లో లేవనెత్తిన సమస్య. 1979లో లోవాస్ కాదని నిరూపించారు. ఐదు కడ్డీల గొడుగును ఊహించి, పక్కపక్కన లేని కడ్డీలు ఒకదానికొకటి లంబంగా వచ్చేదాకా తెరవడమే ఆయన నిరూపణకు గుండెకాయ. సమాచార ప్రసారం సమస్యకు జవాబు ఒక గొడుగు కోణంలో దొరికింది. ఈ పుస్తకం ప్రారంభకులకు కాదు. రేఖీయ బీజగణితం బాగా వచ్చినవారు కూడా సమతల గ్రాఫులు, రబ్బరు బ్యాండ్లు, నాణేల అమరికల అధ్యాయాలతో మొదలుపెట్టి నెమ్మదిగా సాగాలి.

ఇదంతా ఉద్యోగాల పోటీలో ఉన్న విద్యార్థికి అదనపు భారం కాదా అన్న అభ్యంతరం న్యాయమైనదే. కోడింగ్ ఇంటర్వ్యూలో దగ్గరి దారి అల్గారిథమ్ అడుగుతారు, నాణేల అమరిక అడగరు. కాబట్టి అల్గారిథమ్‌లు తగ్గించమని ఎవరూ కోరనక్కరలేదు. కానీ అల్గారిథమ్ నేర్చుకున్నవారు ఇతరులు ఇచ్చిన సమస్యను పరిష్కరిస్తారు. సమస్యను గ్రాఫుగా చూడడం, ఆ గ్రాఫ్‌కు తగిన ఆకారం వెతకడం వేరే నైపుణ్యం. బెంగళూరులోని ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ సైన్స్‌లో ఎల్. సునీల్ చంద్రన్ బృందం ఎంతో పనిచేసిన 'బాక్సిసిటీ' అలాంటిదే. శీర్షాలను పెట్టెలుగా, అంచులను పెట్టెల ఒరిపిడిగా చూపాలంటే ఎన్ని పరిమాణాలు కావాలన్నది అక్కడి ప్రశ్న. ఆయన గ్రాఫ్ సిద్ధాంత పాఠాలు ఎన్‌పీటెల్‌లో ఉచితంగా దొరుకుతాయి. పుస్తకం కొనలేనివారికి కూడా తలుపు మూసి లేదు.

ఈ రంగంలో సామాన్యులకు అందే సమస్యలు ఇంకా మిగిలే ఉన్నాయి. సమతలంలోని ప్రతి బిందువుకూ ఒక రంగు వేయాలి. సరిగ్గా ఒక యూనిట్ దూరంలో ఉన్న ఏ రెండు బిందువులకూ ఒకే రంగు రాకూడదు. ఎన్ని రంగులు కావాలి? 1950లో పుట్టిన ఈ ప్రశ్నకు షడ్భుజుల పలకలు పరిచి 7 చాలని చూపవచ్చు. 7 శీర్షాలు, 11 అంచులున్న చిన్న గ్రాఫ్‌తో 3 చాలవని తేలుతుంది. దశాబ్దాల పాటు కింది హద్దు 4 దగ్గరే ఆగిపోయింది. 2018లో ఆబ్రీ డి గ్రే 1581 శీర్షాల గ్రాఫ్ ఒకటి కట్టి 4 కూడా చాలవని చూపించారు. ఆయన వృత్తి గణితం కాదు, వృద్ధాప్యం మీద పరిశోధన. జవాబు 5, 6, 7లలో ఏదో నేటికీ తేలలేదు. ఈ సమస్య చరిత్రకు అలెగ్జాండర్ సోయిఫర్ రాసిన 'ది మ్యాథమెటికల్ కలరింగ్ బుక్' మంచి తోడు.

కాలేజీలు సిలబస్ మారేదాకా ఆగనక్కరలేదు. గ్రాఫ్ సిద్ధాంతం చెప్పే అధ్యాపకులు మొదటి క్లాసులో నిర్వచనాలకు బదులు కాగితాలు పంచి గీయించవచ్చు. లైబ్రరీలు పాఠ్యపుస్తకాల పక్కన రిచెసన్, లకటోష్ పుస్తకాలు ఒక్కో ప్రతి చొప్పున పెట్టవచ్చు. అన్నింటికన్నా ముఖ్యం, శీర్షం, అంచు, ముఖం అన్న మాటలు ఎనిమిదో తరగతికే తెలుగులో తెలిసిన పిల్లలకు, ఆ మాటలతోనే ముగ్గుల నుంచి గారె ఉపరితలం దాకా తీసుకెళ్లే ఒక చిన్న పుస్తకం తెలుగులో కావాలి. దానికి కావాల్సిన పదాలు మన పాఠ్యపుస్తకాల్లో ఇప్పటికే ఉన్నాయి. రాయగలిగిన గణిత అధ్యాపకులూ ఉన్నారు. ఇక పూనుకోవడమే మిగిలింది.